సాపా కొండల్లో మూడు రోజుల నడక, పల్లె ఇళ్లలో రెండు రాత్రుల బస: ఎలా సిద్ధం కావాలి

వియత్నాం వాయవ్య మూలన, చైనా సరిహద్దును ఆనుకుని ఉన్న లావో కాయ్ రాష్ట్రంలో, హోవాంగ్ లియెన్ సోన్ పర్వతశ్రేణి నడుమ సుమారు 1,500 మీటర్ల ఎత్తున సాపా పట్టణం ఉంది. దానికి ఒకవైపు దేశంలోకెల్లా ఎత్తైన ఫాన్సిపాన్ శిఖరం 3,140 మీటర్లకు పైగా ఎత్తున నిలిచి ఉండగా, మరోవైపు మువాంగ్ హోవా లోయ మెట్లు మెట్లుగా చెక్కిన వరిమడులతో కిందికి దిగిపోతుంది. వియత్నాం ప్రభుత్వం అధికారికంగా గుర్తించిన 54 జాతులలో కిన్ జాతివారే దేశమంతటా అధిక సంఖ్యాకులు. ఈ లోయలో మాత్రం ఊళ్లన్నీ నల్ల హ్మాంగులవి, ఎర్ర జావోలవి, జాయ్‌లవి, తాయ్‌లవి. ఒక ఊరి నుంచి మరొక ఊరికి నడుస్తూ, రాత్రి ఎవరో ఒకరి ఇంట్లో తిని పడుకుంటూ మూడు రోజులు గడిపే ప్రయాణానికి ఏమేమి చేసుకోవాలో ఈ వ్యాసంలో వరుసగా చెబుతాను.

ముందుగా ఒక మాట. ఇది పర్వతారోహణ కాదు. దారి ఎక్కువ భాగం 1,500 మీటర్ల లోపే ఉంటుంది కనుక ఎత్తు వల్ల వచ్చే జబ్బుల భయం లేదు. రోజుకు ఐదారు గంటలు ఎగుడుదిగుళ్లలో నడవగలిగిన వారెవరైనా దీన్ని పూర్తి చేయగలరు. ఈ ప్రయాణం బాగుండటం, బాగుండకపోవడం అనేది మీ కాళ్ల సత్తువ కన్నా, మీరు ఎవరి వెంట నడుస్తారు, ఎవరి ఇంట పడుకుంటారు అన్న రెండు విషయాల మీదనే ఎక్కువగా ఆధారపడుతుంది. అందుచేత మిగిలినవాటిని క్లుప్తంగా చెప్పి, ఈ రెండింటి దగ్గర ఎక్కువసేపు ఆగుతాను.

మొదట నెల తేల్చుకోండి

ఈ ఎత్తులో వరి ఏడాదికి ఒకే పంట. మే, జూన్ నెలల్లో మడులకు నీళ్లు పెట్టి నాట్లు వేస్తారు. ఆ రోజుల్లో నీళ్లు నిలిచిన ప్రతి మడిలోనూ ఆకాశం కనిపిస్తుంది. ఆగస్టు చివరికి పైరు పండటం మొదలై, సెప్టెంబరులో కోతలు జరుగుతాయి. జూలై, ఆగస్టు నెలల్లో వానలు దట్టంగా పడి, బాటలు జారుడుబల్లలవుతాయి, కొండచరియలు విరిగిపడతాయి. అక్టోబరు, నవంబరు నెలల్లో కోసిన మడులు బోసిగా ఉన్నప్పటికీ ఆకాశం తేటగా ఉండి నడకకు చాలా హాయిగా ఉంటుంది. డిసెంబరు, జనవరి నెలల్లో రాత్రి చలి సున్నా డిగ్రీల దాకా దిగవచ్చు. ఫిబ్రవరిలోనూ, మార్చి మొదట్లోనూ పొగమంచు కమ్మితే పది అడుగుల ముందు ఏముందో కనిపించదు. మార్చి చివరి నుంచి మే వరకు, సెప్టెంబరు మధ్య నుంచి నవంబరు వరకు ఉన్న కాలాన్ని ఎంచుకోవడం మంచిదని నా అభిప్రాయం.

అయితే సెప్టెంబరును గుడ్డిగా నమ్మవద్దు. 2024 సెప్టెంబరులో యాగి తుపాను తర్వాత ఇదే రాష్ట్రంలోని లాంగ్ నూ అనే పల్లె మీదికి బురద వరద విరుచుకుపడి, పదుల సంఖ్యలో ప్రాణాలు పోయాయి. సాపా చుట్టుపక్కల కూడా చరియలు విరిగి ఇళ్లు కొట్టుకుపోయాయి. కనుక బయలుదేరే వారంలో వాతావరణ సూచన చూడండి. రెండు రోజులు ఎడతెగని వాన కురిసి ఉంటే, డబ్బు కట్టేశామన్న లెక్క పెట్టుకోకుండా నడకను వాయిదా వేయండి. చాంద్రమాన సంవత్సరాది అయిన తేత్ పండుగ జనవరి చివర్లోనో ఫిబ్రవరిలోనో వస్తుంది. ఆ వారం బస్సులు, రైళ్లు కిటకిటలాడతాయి, చాలా ఇళ్లలో అతిథులను తీసుకోరు.

గైడును కుదుర్చుకోవడం

యీ లిన్ హో, లావో చాయ్, తా వాన్ ఊళ్ల మీదుగా వెళ్లే మొదటి రోజు దారిని ఎవరి సాయమూ లేకుండా ఫోనులోని మ్యాపు చూసుకుంటూ నడిచేయవచ్చు. చాలామంది అలాగే నడుస్తారు. రెండో రోజు నుంచి దారి వెదురు అడవుల్లోకి, మడుల గట్ల మీదికి, ఏ మ్యాపులోనూ లేని చీలికల్లోకి వెళుతుంది. గైడు అక్కడ తప్పనిసరి. గైడు వల్ల కలిగే మేలు దారి చూపించడంతోనే ఆగదు. ఊళ్లో ఎవరి ఇంట్లోకి వెళ్లవచ్చు, ఏ గుమ్మం ముందు ఆగిపోవాలి, ఎదురైన ముసలామెతో ఏం మాట్లాడాలి అన్నవన్నీ ఆమె నోటి మీదుగానే మీకు తెలుస్తాయి. ఆమె అని ఎందుకు అంటున్నానంటే, ఇక్కడి గైడులలో చాలామంది హ్మాంగ్, జావో స్త్రీలే. వారిలో అనేకులు బడిలో కాక, పర్యాటకులతో మాట్లాడి మాట్లాడి ఇంగ్లీషు నేర్చుకున్నవారు. కొందరికి రాయడం రాకపోయినా మాట మాత్రం ధారాళంగా వస్తుంది.

గైడును కుదుర్చుకునే ముందు నాలుగు విషయాలు అడిగి తెలుసుకోండి. ఆమెది ఏ ఊరు, ఏ జాతి. గైడుగా పనిచేయడానికి అనుమతి కార్డు ఉందా. మీరు కట్టే మొత్తంలో ఆమె చేతికి ఎంత అందుతుంది. భోజనం, బస, ఊళ్ల ప్రవేశ రుసుము, తిరుగు వాహనం ఆ మొత్తంలోనే కలిసి ఉన్నాయా. మూడో ప్రశ్న అడగడానికి మొహమాటపడవద్దు. హనోయిలో కొన్న చౌక ప్యాకేజీలో డబ్బు ఇద్దరు ముగ్గురు మధ్యవర్తుల చేతులు మారి, నడిపించిన మనిషికి మిగిలేది కొద్దిగానే. హ్మాంగ్ స్త్రీలే నడుపుకుంటున్న సంస్థలు సాపాలో ఉన్నాయి. వారితో గానీ, తెలిసినవారు చెప్పిన గైడుతో గానీ నేరుగా మాట్లాడుకుంటే, ఇచ్చే ధర కాస్త ఎక్కువే అయినా అది చేరవలసిన చోటికి చేరుతుంది. గుంపు ఎంత పెద్దదో కూడా అడగండి. పన్నెండు మందితో నడిస్తే ఏ ఇంటివారూ మీతో మాట్లాడరు, వారికి వండటంతోనే సరిపోతుంది. నలుగురికి మించకుండా ఉంటే మేలు.

ఇల్లు ఎంచుకోవడం

హోమ్‌స్టే అని బోర్డు పెట్టిన ప్రతిదీ ఎవరో కాపురముంటున్న ఇల్లు కాదు. ముఖ్యంగా తా వాన్‌లో, బయటి పెట్టుబడిదారులు స్థలం తీసుకుని కట్టిన లాడ్జీలకు కూడా అదే పేరు పెడుతున్నారు. అక్కడ పడక మెత్తగా ఉంటుంది, కాఫీ దొరుకుతుంది. మీకు కావలసింది అదే అయితే తప్పేమీ లేదు. ఇంటివారితో కలిసి ఉండాలన్నది మీ కోరిక అయితే మాత్రం గైడును సూటిగా అడగండి: ఆ ఇంట్లో ఎవరెవరు ఉంటారు, వంట ఎవరు చేస్తారు, మేము వారితో కలిసే తింటామా, ఒక రాత్రికి ఎంతమందిని తీసుకుంటారు. జవాబు తడుముకుంటూ వస్తే వేరే ఇల్లు చూడమనండి.

ఏ ఊళ్లో ఎవరి ఇల్లు ఎలా ఉంటుందో కొంచెం తెలిసి ఉంటే ఎంపిక తేలికవుతుంది. లావో చాయ్‌లో హ్మాంగుల ఇళ్లు నేల మీదే, చెక్క గోడలతో, తరచుగా మట్టినేలతో ఉంటాయి. అతిథులకు పక్కలు అటక మీద వేస్తారు. ఆ అటక మామూలుగా మొక్కజొన్న కంకులు, ధాన్యం దాచుకునే చోటు. తా వాన్ ప్రధానంగా జాయ్‌ల ఊరు. జాంగ్ తా చాయ్, తా ఫిన్ ఊళ్లలో ఎర్ర జావోలు ఉంటారు. అడవి మూలికలు మరగబెట్టిన నీళ్లను చెక్క తొట్టిలో పోసి చేయించే స్నానం వారి ప్రత్యేకత. రోజంతా నడిచిన కాళ్లకు అంతకు మించిన మందు లేదు. లోయ కిందికి దిగిన కొద్దీ వెచ్చదనం పెరుగుతుంది. అక్కడ బాన్ హోలో తాయ్‌ల ఇళ్లు గుంజల మీద ఎత్తుగా ఉంటాయి. రెండు రాత్రులకు రెండు వేర్వేరు జాతుల ఇళ్లు కుదుర్చుకుంటే తేడా కళ్లకు కడుతుంది.

వీసా, ప్రయాణం, డబ్బు

భారతీయులకు వియత్నాం ఈ-వీసా అధికారిక వెబ్‌సైటులోనే దొరుకుతుంది. 2023 ఆగస్టు 15 నుంచి దాని గడువు 90 రోజులు. ఒకసారి ప్రవేశానికి రుసుము 25 డాలర్లు. దరఖాస్తులో ఇంటిపేరు, పేరు పాస్‌పోర్టులో ఎలా ఉన్నాయో అక్షరం పొల్లుపోకుండా అలాగే నింపండి. మన ఇంటిపేర్ల తికమక వల్ల విమానాశ్రయంలో ఆపేసిన సందర్భాలు నాకు తెలుసు. హనోయి నుంచి సాపాకు స్లీపర్ బస్సులో ఐదారు గంటలు పడుతుంది. రాత్రి రైలు కావాలంటే లావో కాయ్ స్టేషను వరకు సుమారు ఎనిమిది గంటలు ప్రయాణించి, అక్కడి నుంచి వ్యానులో మరో గంట ఘాట్ రోడ్డు ఎక్కాలి. తెల్లవారుజామున దిగి అదే రోజు నడక మొదలుపెట్టే పథకం చాలామంది వేసుకుంటారు గానీ, నేను వద్దంటాను. ఒక రాత్రి సాపాలో నిద్రపోయి మరునాడు బయలుదేరండి.

ఏటీఎంలు సాపాలోనే వాడుకోండి, పల్లెల్లో దొరకవు. చిన్న నోట్లు మార్చుకుని ఉంచుకోండి. 20,000 డాంగ్‌ల నోటు, 5,00,000 డాంగ్‌ల నోటు రెండూ నీలంగానే ఉంటాయి. పొయ్యి వెలుతురులో ఒకదానికి బదులు మరొకటి ఇచ్చేయడం చాలా తేలిక, కాబట్టి పెద్ద నోట్లను వేరే జేబులో పెట్టుకోండి. పాస్‌పోర్టు అసలుదే వెంట ఉండాలి. రాత్రి బస చేసిన విదేశీయుల వివరాలను ఇంటివారు స్థానిక పోలీసులకు తెలియజేయాలన్నది అక్కడి నియమం. అందుకే వారు పాస్‌పోర్టు అడుగుతారు, అనుమానించవలసిన పని లేదు.

సంచి సర్దడం

పెద్ద పెట్టెను సాపాలోని హోటల్లో వదిలేసి, ఐదారు కిలోలకు మించని సంచితో బయలుదేరండి. రెండు జతల బట్టలు, మూడు జతల సాక్సులు, తల నుంచి మోకాళ్ల దాకా సంచితో సహా కప్పే వానకోటు, రాత్రికి ఒక స్వెట్టరు, తలకు కట్టుకునే లైటు, పవర్ బ్యాంకు, విరేచనాలకు, జ్వరానికి మందులు, బొబ్బలకు ప్లాస్టర్లు సరిపోతాయి. రెండు సన్నని గుండ్రటి పిన్నులున్న మన ఛార్జర్లు అక్కడి ప్లగ్గుల్లో పడతాయి, మూడు పిన్నులవి పట్టవు. ఫోనుకు వియెట్టెల్ సిమ్ తీసుకుంటే కొండల్లో కూడా సిగ్నల్ బాగానే అందుతుంది.

చెప్పుల సంగతి మాత్రం నొక్కి చెప్పాలి. ఇక్కడి నేల ఎర్రటి జిగట బంక. వాన పడ్డాక ఎంత ఖరీదైన ట్రెక్కింగ్ షూ అయినా పది అడుగుల్లో బంకమట్టి ముద్దలవుతుంది. సాపాలో మోకాలి కింది దాకా వచ్చే రబ్బరు బూట్లు అద్దెకు దొరుకుతాయి. దారి తడిగా ఉన్న రోజుల్లో వాటినే వాడండి. అయితే లోపల మందపాటి సాక్సులు వేసుకోవాలి, లేకుంటే మడమలు ఒరుసుకుపోతాయి. ఊతకర్ర ఒకటి ఉండాలి. గైడు వెదురు నరికి ఇస్తుంది.

నడక

మొదటి రోజు సాపా నుంచి యీ లిన్ హో మీదుగా దిగి, వాగు వెంట లావో చాయ్ చేరి, అక్కడి నుంచి తా వాన్‌కు వెళతారు. సుమారు పన్నెండు కిలోమీటర్లు. దిగుడే ఎక్కువ కనుక ఊపిరికి తేలిక, మోకాళ్లకు బరువు. తా వాన్ సమీపంలో, ఎప్పటివో తెలియని గీతలు, బొమ్మలు చెక్కిన బండరాళ్లు పొలాల మధ్య అక్కడక్కడా కనిపిస్తాయి. 1925లో విక్టర్ గోలుబ్యూ అనే పురాతత్వ పరిశోధకుడు వీటిని వెలుగులోకి తెచ్చాడు. వాటి మీదికి ఎక్కకండి. రెండో రోజు తా వాన్ నుంచి వెదురు అడవి గుండా జాంగ్ తా చాయ్‌కి వెళ్లి, జలపాతం దాటి, సూ పాన్ మీదుగా బాన్ హోకు దిగుతారు. మూడింటిలో ఇదే కష్టమైన రోజు. ఉదయం ఎనిమిదికల్లా బయలుదేరాలి. చలికాలంలో సాయంత్రం ఐదున్నరకే చీకటి పడుతుంది. మూడో రోజు బాన్ హో చుట్టూ తీరికగా తిరిగి మధ్యాహ్నం వాహనంలో సాపా చేరవచ్చు.

మడుల గట్ల మీద నడిచేటప్పుడు ఒకరి వెనక ఒకరు, గట్టు నడిమధ్యన అడుగు వేయండి. అంచున కాలు పడితే గట్టు తెగి నీళ్లు కింది మడిలోకి పోతాయి, దాన్ని మళ్లీ కట్టుకోవడం ఆ ఇంటివారికి ఒక పూట పని. దిగుడులో పాదం అడ్డంగా తిప్పి, మోకాలు కొద్దిగా వంచి దిగాలి. గేదె ఎదురైతే కొండ వైపు ఒదిగి దారి ఇవ్వండి, లోయ వైపు నిలబడకండి. కుక్కల జోలికి పోవద్దు. కరిస్తే గాయాన్ని సబ్బుతో పదిహేను నిమిషాలు కడిగి, నడక అక్కడితో ఆపేసి, వెంటనే ఆసుపత్రికి వెళ్లి రేబిస్ టీకా వేయించుకోండి. అలసిపోయి ఇక నడవలేనన్నప్పుడు దాచుకోకుండా గైడుకు చెప్పండి. చాలా ఊళ్ల నుంచి సే ఓమ్ అని పిలిచే మోటార్‌సైకిల్ టాక్సీని రప్పించవచ్చు. అంబులెన్సుకు 115, పోలీసులకు 113 నంబర్లు.

వెంట నడిచే స్త్రీలు

సాపా దాటగానే, వీపున వెదురు బుట్టలు తగిలించుకున్న ఇద్దరు ముగ్గురు హ్మాంగ్ స్త్రీలు మీతో పాటు నడవడం మొదలుపెడతారు. మీ పేరు, ఊరు, పిల్లల సంగతి అడుగుతారు. జారుడు చోట చేయి అందిస్తారు. ఆ చేతిని ఒకసారి పరిశీలనగా చూడండి: గోళ్ల చుట్టూ, గీతల్లో, మణికట్టు దాకా నీలి రంగు ఇంకిపోయి ఉంటుంది. బట్టను నీలిమందు తొట్టిలో ముంచి ఆరవేయడం మళ్లీ మళ్లీ చేసే చేయి అది, ఎంత కడిగినా ఆ రంగు పోదు. లావో చాయ్ చేరాక ఆమె బుట్ట దించి, సంచులు, దుపట్టాలు పరిచి, ఇప్పుడు నా దగ్గర కొనండి అంటుంది. చాలామంది పర్యాటకులకు ఇక్కడే కోపం వస్తుంది. నాకు అది మోసంగా తోచదు. ఆమె మూడు గంటలు మీతో నడిచింది, అది ఆమె పని. కొనే ఉద్దేశం లేకపోతే మొదటి అర్ధగంటలోనే నవ్వుతూ స్పష్టంగా చెప్పేయండి, ఆమె మరొకరిని వెతుక్కుంటుంది. ఆమె చేయి పట్టుకుని బురద దాటి ఉంటే ఒక చిన్న వస్తువైనా కొనడం న్యాయం.

పిల్లల దగ్గర మాత్రం ఏమీ కొనవద్దు. చాక్లెట్లు, డబ్బులు ఇవ్వవద్దు. చంటిబిడ్డను వీపున కట్టుకుని అమ్ముతున్న ఎనిమిదేళ్ల పిల్లను చూస్తే ఎవరికైనా మనసు కరుగుతుంది. కానీ ఆమెకు అమ్మకం జరిగిన కొద్దీ బడికి పోయే రోజులు తగ్గుతాయి. ఆ డబ్బును ఆమె ఊరి పెద్దవాళ్ల దగ్గర ఖర్చు పెట్టండి.

ఇంట్లో మెలగవలసిన తీరు

గుమ్మానికి గానీ, వాకిట్లో పాతిన కర్రకు గానీ పచ్చి ఆకుల మండ కట్టి ఉంటే ఆ రోజు ఆ ఇంట్లోకి పరాయివారు అడుగుపెట్టకూడదని అర్థం. ఎవరికో జబ్బు చేసి ఉండవచ్చు, పూజ జరిగి ఉండవచ్చు. గైడు చెప్పేదాకా ఆగండి. హ్మాంగుల ఇంట్లో నట్టింటి గోడకు, ప్రధాన ద్వారానికి ఎదురుగా, కాగితాలు అంటించిన పూజాస్థానం ఉంటుంది. దాన్ని తాకడం, దాని మీద సంచులు తగిలించడం, ముందు కాళ్లు చాపి కూర్చోవడం చేయవద్దు. ఫోటో తీయాలంటే ముందు అడగండి. పసిబిడ్డలను ముద్దుచేయాలని తల నిమరవద్దు.

ఇంట్లో అడుగుపెట్టగానే పెద్దవారిని పలకరించండి. వియత్నామీస్‌లో సిన్ చావ్ అంటే నమస్కారం, కామ్ అన్ అంటే కృతజ్ఞతలు. హ్మాంగ్ భాషలో కృతజ్ఞతలు చెప్పడానికి ఉవా చావ్ అంటారు. ఆ ఒక్క మాట వాళ్ల భాషలో అంటే ముసలమ్మల ముఖాలు విప్పారడం నేను ప్రతిసారీ చూశాను. వంట జరుగుతున్న పొయ్యి దగ్గరికి వెళ్లి ఆకుకూర తుంచడానికో, వెల్లుల్లి ఒలవడానికో చేయి కలపండి. భాష లేకపోయినా ఆ పనిలో కబుర్లు సాగుతాయి. పొయ్యి పొగ కళ్లకు పట్టి నీళ్లు కారతాయి, బట్టలకు వారం దాకా ఆ వాసన ఉంటుంది.

శాకాహారులు ఇక్కడ ముందే జాగ్రత్తపడాలి. తోయ్ అన్ చాయ్ అంటే నేను శాకాహారిని అని అర్థం. ఆ మాటతో మాంసం ముక్కలు ఆగిపోవచ్చు గానీ, న్యుక్ మామ్ అనే పులియబెట్టిన చేపల రసం, వేపుడులో పంది కొవ్వు రాకుండా ఆగవు. కనుక గైడును కుదుర్చుకునే రోజునే ఈ రెండింటి పేర్లూ చెప్పి, ఇంటివారికి ఫోను చేయించండి. అన్నం, ఆవాకు కూర, సోయా పనీరు అనదగిన దౌ ఫూ, గుడ్లు తినేవారైతే అట్టు, ఇవన్నీ ఏ ఇంట్లోనైనా దొరుకుతాయి. బొత్తిగా ఆకలితో పడుకునే పరిస్థితి ఉండదు. నీళ్లు కాచినవే తాగండి.

భోజనం మధ్యలో ఇంటి యజమాని ఇంట్లో కాచిన బియ్యం సారానో, మొక్కజొన్న సారానో చిన్న గిన్నెల్లో పోస్తాడు. అది చాలా ఘాటైనది. తాగనివారు మొదటి గిన్నె దగ్గరే గుండె మీద చేయి పెట్టి, తల వంచి వద్దనాలి. ఒకటి తాగి రెండోది వద్దంటే బలవంతం పెరుగుతుంది. ఇంటివారు తెల్లవారకముందే లేచి పందులకు మేత పెట్టాలి కాబట్టి తొమ్మిది గంటలకల్లా మాటలు తగ్గించి పడుకోండి. పక్కల మధ్య తెర తప్ప గోడ ఉండకపోవచ్చు. స్త్రీలు ఒంటరిగా వెళుతుంటే ఆ సంగతి ముందే చెప్పి, ఇంటి ఆడవారికి దగ్గరగా పక్క వేయమని అడగడం మంచిది.

బయలుదేరే రోజు

ఇంటివారికి ఇవ్వవలసినది గైడు ద్వారా ఇచ్చేశారా లేదా అని ఉదయమే తెలుసుకోండి. అదనంగా ఏదైనా ఇవ్వదలిస్తే ఇంటి ఇల్లాలికి, రెండు చేతులతో అందించండి. గైడుకు ఇచ్చే ఇనాము సాపా చేరాక విడిగా, ఆమె చేతికే ఇవ్వండి. తీసిన ఫోటోలు పంపుతామని మాట ఇస్తే తప్పక పంపండి. ఆ ఇంటి గోడకు అంటించిన ఫోటోలన్నీ అలా మాట నిలబెట్టుకున్నవారు పంపినవే. కొన్న నీలిబట్టను ఇంటికి తెచ్చాక మొదటి నాలుగైదు ఉతుకులు విడిగా, చన్నీళ్లలో ఉతికి నీడన ఆరవేయండి. రంగు దిగడం ఆగేదాకా తెల్లబట్టల పక్కన పెట్టవద్దు.